ముషాయిరా నుంచి రీల్ దాకా: దక్కనీ జబాన్ నవ్వు

మొన్న రంజాన్‌లో ఒకరోజు ఇఫ్తార్ అయ్యాక మా భాంజా ఫోన్ తెచ్చి నా ముందు పెట్టాడు. "మామూ, ఏ సునో, మస్త్ హై" అన్నాడు. ఇన్‌స్టాగ్రామ్ రీల్ అది. తలమీద ఓఢ్నీ కప్పుకుని ముసలామె వేషం కట్టిన కుర్రాడొకడు, రిష్తా మాట్లాడటానికి వచ్చి కట్నం లిస్టు చదువుతున్నాడు. పెదాలు వాడివి, గొంతు వాడిది కాదు. ఎప్పటిదో పాత రికార్డింగ్. అడుగున టేపు సర్రుమంటోంది. మాట మాటకీ జనం విరగబడి నవ్వుతున్నారు. నేను గుర్తుపట్టాను. సులేమాన్ ఖతీబ్ కలామ్, "ఛోరా ఛోరీ".

నిమిషం కూడా కాలేదు, అయిపోయింది. భాంజా పడీ పడీ నవ్వాడు. "ఆగే?" అనడిగాను. "ఆగే క్యా మామూ, ఇత్తా ఇచ్ హై" అన్నాడు.

ఇత్తా ఇచ్ కాదు. ఆ నజ్మ్‌కి రెండో సగం ఉంది. మొదటి సగంలో పిల్లాడి తరఫు వాళ్ళ ఆశ, బేషరమ్ లిస్టు, అంతా నవ్వే. రెండో సగంలో పిల్లను కన్నవాళ్ళ గొంతు వినపడుతుంది. అక్కడికి వచ్చేసరికి నవ్విన జనమే ఖామోష్ అయిపోతారు. మా చిన్నప్పుడు ఇంట్లో క్యాసెట్ పెడితే అబ్బా మొదటి సగానికి పెద్దగా నవ్వి, రెండో సగం మొదలవగానే లేచి బయటి వాకిట్లోకి వెళ్ళిపోయేవారు. మా ముగ్గురు ఆపాల పెళ్ళిళ్ళు అప్పటికింకా కాలేదు. ఆయన ఎందుకు లేచి వెళ్తున్నారో నాకు చాలా ఏళ్ళ తర్వాత సమఝ్ అయింది.

ఆ సగం ఎక్కడ జారిపోయిందో వెతుకుదామని కూర్చున్నాను. వెతికితే ఒక జబాన్ తారీఖ్ మొత్తం తిరగెయ్యాల్సొచ్చింది.

దక్కనీని ఇవాళ హైదరాబాదీ హిందీ అని కొందరు, తప్పుల ఉర్దూ అని ఇంకొందరు అంటారు. రెండూ గలత్. ఢిల్లీలో ఉర్దూ షాయరీ దర్బారు ఎక్కకముందే ఇది దర్బారు జబాన్. గోల్కొండ సుల్తాన్, హైదరాబాద్ నిర్మాత ముహమ్మద్ కులీ కుతుబ్ షా (1565-1612) ఇందులోనే దీవాన్ రాశాడు. బసంత్ మీద, వానల మీద, ఈద్ మీద రాశాడు. ముల్లా వజ్హీ "సబ్‌రస్" 1635 నాటిది, వచనం. అప్పటి దక్కనీలో ఇష్క్ ఉంది, తసవ్వుఫ్ ఉంది, మర్సియా ఉంది. ఆ జబాన్‌లో నవ్వడానికే రాయాలని ఎవరూ అనుకోలేదు.

1687లో ఔరంగజేబు గోల్కొండ తీసుకున్నాడు. 1700లో వలీ దక్కనీ ఢిల్లీ వెళ్ళాడు. ఆయన కలామ్ విని అక్కడి ఫార్సీ షాయర్లు రేఖ్తా వైపు మళ్ళారని ఉర్దూ అదబ్ తారీఖ్ చెబుతుంది. కానీ కొన్ని దశాబ్దాలు తిరిగేసరికి సూది తిరగబడింది. ఢిల్లీ, లఖ్నవూ వాళ్ళ ఉర్దూ "ఫసీహ్" అయింది, దక్కనీ "గావ్‌వాలీ బోలీ" అయింది. 1880లలో నిజాం సర్కారు ఫార్సీ తీసేసి ఉర్దూని దఫ్తర్లలో పెట్టినప్పుడు పెట్టింది దక్కనీని కాదు. 1918లో ఉస్మానియా యూనివర్సిటీ మొదలైనప్పుడు, దారుల్ తర్జుమాలో డాక్టరీ, ఇంజనీరింగ్ పుస్తకాలన్నీ ఉర్దూలోకి దించారు. అది గొప్ప పనే, ఇన్కార్ లేదు. ఐతే ఆ ఉర్దూ కూడా ఉత్తరాది ఉర్దూనే. దక్కనీ వంటింట్లో, బండి దగ్గర, మగ్గం దగ్గర, బజార్లో ఉండిపోయింది.

నేను ఉర్దూ మీడియంలో చదివాను కదా, ఆ దెబ్బ నాకూ తెలుసు. మా ఉస్తాద్ ఒకాయన "నక్కో" అన్న మాట క్లాసులో వినపడితే స్కేలుతో చేతిమీద వేసేవారు. ఆయనే బయట చాయ్ హోటల్లో "నక్కో మియా, ఆధా ఇచ్ దేవ్" అనేవారు. "ఖాఫ్" మాకెవరికీ పలకదు, ఆయనతో సహా. గొంతు అడుగు నుంచి రావాల్సిన ఆ అక్షరం మా నోట్లో "ఖ" అయిపోతుంది. ఫంక్షన్‌ని "తఖ్రీబ్" అంటాం. రాసిన అక్షరం ప్రకారం చూస్తే ఆ పలుకుబడికి అర్థం విధ్వంసం. ఉత్తరాది వాళ్ళు దీనిమీద ఎన్ని లతీఫాలు చెప్పుకుంటారో లెక్కలేదు. 

డిగ్రీలో తెలుగు సాహిత్యం తీసుకున్నాక ఒక సంగతి కళ్ళు తెరిపించింది. "కల్ ఆతుఁ బోల్కే బోల్యా" అంటాం. ఉత్తరాది ఉర్దూలో ఇలా అనరు. "రేపొస్తా అని చెప్పిండు" అనే తెలుగు వాక్యం ఎముకలు అవి. మన "అని" అక్కడ "బోల్కే" అయింది. "నక్కో" మరాఠీది. "ఇచ్" కూడా అటునుంచి వచ్చిందే. మా ఉస్తాద్ స్కేలుతో కొట్టింది తప్పు ఉర్దూని కాదు, మూడు జబాన్లు ఇరుగుపొరుగుగా వందల ఏళ్ళు బతికిన నిశానీని.

1948 తర్వాత సర్కారు మారింది, ఉర్దూ చదువుతో వచ్చే నౌకరీలు తగ్గాయి, 1956లో రాష్ట్రమే మూడు ముక్కలై మూడు దిక్కులకు పోయింది. హైదరాబాద్ తెలుగు వాళ్ళతో, గుల్బర్గా, బీదర్ కన్నడిగులతో, ఔరంగాబాద్ మరాఠీలతో కలిసింది. విచిత్రం ఏమంటే, శరీఫ్ ఉర్దూకి దర్బారు పోయిన ఆ రోజుల్లోనే గావ్‌వాలీ బోలీ స్టేజీ ఎక్కింది. నజీర్ దెహ్ఖానీ లాంటి వాళ్ళు అప్పటికే దారి వేశారు. సర్వర్ దండా, హిమాయతుల్లా, గౌస్ ఖామఖా, పాగల్ ఆదిలాబాదీ వచ్చారు. తఖల్లుస్‌లు చూడండి! దండా అంటే కర్ర, ఖామఖా అంటే ఊరికే. గాలిబ్, మోమిన్, దర్ద్ అని పెట్టుకునే లోకంలో ఒకాయన "ఊరికే" అని పేరు పెట్టుకున్నాడు. ఆ ఒక్క పేరులోనే సగం జవాబు ఉంది.

1962లో "జిందా దిలానే హైదరాబాద్" అంజుమన్ పుట్టింది. 1968 నుంచి "షగూఫా" అనే మజాహియా రిసాలా వచ్చింది. నవ్వు కోసమే ప్రత్యేకంగా ముషాయిరాలు పెట్టడం మొదలైంది. వీళ్ళందరిలో ఆవామ్ నాలుక మీద ఎక్కువగా ఉండిపోయింది సులేమాన్ ఖతీబ్ (1922-1978). బీదర్ వైపు పుట్టి గుల్బర్గాలో బతికాడు. "కేవ్‌డే కా బన్" ఆయన కలామ్ పుస్తకం. ఆయన కలామ్‌లో అత్తలు, కోడళ్ళు, ఒకటో తారీఖు జీతం కోసం ఎదురుచూసే ఇల్లాళ్ళు మాట్లాడతారు. ఆయన పద్ధతి ముందే చెప్పాను. నవ్వించి, కూర్చోబెట్టి, తలుపు వేసి, అప్పుడు అసలు మాట అంటాడు. ఏడుపు మాట మొదటే చెబితే ఎవరూ వినరని ఆయనకి తెలుసు. మనిషి నవ్వితే గుండె తలుపు కొంచెం తెరుచుకుంటుందని కూడా తెలుసు.

ముషాయిరాలో ఇది కుదిరింది. ఎందుకంటే జనం రాత్రంతా కూర్చునేవారు. షాయర్‌కి ఎదురుగా ఆయన నవ్వించిన మొహాలే ఉంటాయి. దాద్ వస్తే మిస్రా మళ్ళీ చదువుతాడు, "ముకర్రర్" అంటే ఇంకోసారి. జనం అలిసిపోయారంటే ఒక బంద్ వదిలేస్తాడు. కానీ చివరి బంద్ వదలడు. మధ్యలో లేచి పోవడం బేఅదబీ. అంటే రెండో సగం వినడానికి ఒక తహజీబ్ కాపలా ఉండేది.

తర్వాత క్యాసెట్ వచ్చింది. 1970ల చివర, 80లలో గల్ఫ్‌కి పోయినవాళ్ళు టూ-ఇన్-వన్‌లు తెచ్చారు. మా ఖాలూ జిద్దా నుంచి తెచ్చినది నాకు బాగా గుర్తు. దానిమీద అమ్మీ కుట్టిన ముఖ్మల్ గిలాఫ్ ఉండేది. ముషాయిరాలు ఎవరో స్టేజీ కింద కూర్చుని రికార్డు చేసేవారు, ఒకదాన్నుంచి ఇంకోటి కాపీ అయ్యేది. హైదరాబాద్‌లో చదివిన నజ్మ్ నెల తిరక్కుండానే జిద్దాలో, దుబాయ్‌లో కూలీల గదుల్లో వినపడేది. ఇవాళ "వైరల్" అంటున్నాం కదా, ఆ పని అప్పుడు ఎయిర్‌పోర్టులో సంచుల్లో జరిగేది. క్యాసెట్ ఒక మేలు చేసింది. దాన్ని తిప్పి ముందుకు దూకడం కష్టం. టేపు చిక్కుకుంటుందని భయం, పిల్లలు ముట్టుకుంటే అబ్బా కేక. కాబట్టి నవ్వు తర్వాత ఏడుపు కూడా వరసలో వచ్చేది. అబ్బా లేచి వెళ్ళేవారు, క్యాసెట్ నడుస్తూనే ఉండేది.

సినిమా కథ వేరే. బొంబాయి సినిమాకి దక్కనీ రుచి చూపించింది మెహమూద్. 1965లో వచ్చిన "గుమ్నామ్"లో ఆయన బట్లర్. లుంగీ కట్టి హైదరాబాదీ యాస మాట్లాడతాడు. హిందూస్తాన్ మొత్తం నవ్వింది. ఇక్కడ ఫర్ఖ్ గమనించండి. ఖామఖా సాబ్ ముషాయిరాలో మనవాడు మనల్ని నవ్వించాడు. గుమ్నామ్‌లో మన యాస వేరేవాళ్ళ నవ్వుకి సరుకైంది. హీరో హీరోయిన్ శుద్ధంగా మాట్లాడతారు, నౌకరు దక్కనీ మాట్లాడతాడు. ఈ సాంచా ఇప్పటికీ పోలేదు. తెలుగు సినిమాలో కూడా పాతబస్తీ భాయ్ అయితే కమెడియన్, లేకపోతే విలన్ పక్కన కత్తి పట్టుకునేవాడు. భాయ్‌కి అప్పులున్నాయని, కూతురి ఫీజు కట్టాలని ఎవరూ చూపించరు.

శ్యామ్ బెనగల్ ఒక్కడే ఆ సాంచా పగలగొట్టాడని నా రాయ్. ఆయన ఈ నేల మీద పుట్టినవాడు. 1974లో "అంకుర్" తీశాడు, తెలంగాణ పల్లె కథ. అందులో షబానా ఆజ్మీ చేసిన లక్ష్మి దళిత స్త్రీ, ఆమె నోట దక్కనీ. ఆమె మాట వింటే నవ్వు రాదు. ముస్లింల మాట అని కూడా అనిపించదు. ఈ నేల మాట అనిపిస్తుంది. 1983 "మండీ"లో, 2010 "వెల్ డన్ అబ్బా"లో మళ్ళీ అదే ఇజ్జత్‌తో వాడాడు. కానీ బెనగల్ సినిమాలు మా ఊరి టాకీసులో ఆడలేదు. నేను అంకుర్ చూసింది నౌకరీలో చేరాక, దూరదర్శన్‌లో, అర్ధరాత్రి.

2005లో "ది అంగ్రేజ్" వచ్చింది. స్టార్లు లేరు, ఖర్చు తక్కువ. చార్మినార్ దగ్గర ఖాళీగా కూర్చుని గప్పాలు కొట్టే ఇస్మాయిల్ భాయ్, సలీం ఫేకూ ఒకవైపు, అమెరికా నుంచి హైటెక్ సిటీకి వచ్చిన కుర్రాళ్ళు ఇంకోవైపు. నగరం రెండు ముక్కలు ఎదురెదురు పడితే ఏమవుతుందన్నది కథ. మరుసటి ఏడాదే "హైదరాబాద్ నవాబ్స్". టాకీసుల్లో చూసినవాళ్ళు ఒక వంతైతే సీడీల్లో చూసినవాళ్ళు ఎన్నో వంతులు. ఫుట్‌పాత్ మీద పైరసీ సీడీ కొనుక్కుని ఇంటిల్లిపాదీ చూశాం. చేసింది తప్పే, ఒప్పుకుంటున్నాను. ఇస్మాయిల్ భాయ్‌గా చేసిన ధీర్ చరణ్ శ్రీవాస్తవ్ నాటకరంగం నుంచి వచ్చినవాడు. పేరు చూశారుగా. దక్కనీ ఒక ఖౌమ్ జాగీర్ కాదు, ఈ నగరంలో పుట్టిన కాయస్థ్ దోస్తులు, మార్వాడీ దోస్తులు మాకంటే తీటుగా మాట్లాడతారు.

ది అంగ్రేజ్‌లో నవ్వు మనదే. కానీ నవ్వుకి దొరికిన మనుషులు మళ్ళీ నిఖట్టులే. పాతబస్తీ యువకుడంటే పనిలేనివాడు, డప్పాలు కొట్టేవాడు. సినిమా హిట్టయ్యాక వరసగా వచ్చిన చిన్న సినిమాలు ఆ ఒక్క ముక్కనే అరగదీశాయి. కొన్నాళ్ళకి జనానికి బోర్ కొట్టింది, సీడీ దుకాణాలు కూడా పోయాయి.

యూట్యూబ్ మన దేశపు పేజీ 2008లో వచ్చింది. అయితే అసలు మార్పు 2016 సెప్టెంబర్‌లో, జియోతో. అప్పటిదాకా ఒక జీబీ డేటా రెండు వందల పైమాటే. మా భాంజా వాళ్ళమ్మ దగ్గర ఇరవై రూపాయలు అడిగి నెట్ ప్యాక్ వేయించి, ఒక వీడియో చూసి ఫోన్ ఆపేసేవాడు. ఆర్నెల్లకి పైగా జియో ముఫ్త్‌గా ఇచ్చింది. 2017 మార్చి చివరికల్లా ఆటోవాలా చేతిలో కూడా యూట్యూబ్ ఉంది. వరంగల్ కుర్రాళ్ళ "వరంగల్ డైరీస్" లాంటి ఛానళ్ళు, పాతబస్తీ పిల్లల ఛానళ్ళు ఈ గాలికే లేచాయి. అదే టైమ్‌లో తెలుగులో జగిత్యాల వైపు లంబాడిపల్లి నుంచి "మై విలేజ్ షో" లేచింది. గంగవ్వ అక్కడి నుంచే 2020లో బిగ్ బాస్ దాకా వెళ్ళింది. తెలంగాణ యాసని ఒకప్పుడు సినిమా ఎలా వాడిందో, దక్కనీనీ అలాగే వాడింది. ఇద్దరికీ తలుపు తీసింది ఒకటే ఫోన్.

ఈ ఛానళ్ళ మొదటి రోజుల్లో నాకు నచ్చింది వాటి నిడివి. పది, పదిహేను నిమిషాలు. అమ్మీ తిట్లు, ఈద్ బట్టలు, సౌదీ నుంచి వచ్చిన భాయ్, నౌకరీ లేని డిగ్రీ. నవ్వులో అప్పుడప్పుడు ఖతీబ్ సాబ్ నీడ కనపడేది. 2018 జనవరిలో యూట్యూబ్ షరతు మార్చింది. వెయ్యి మంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో 4,000 గంటల చూపు ఉంటేనే యాడ్ పైసలు. చిన్న ఛానళ్ళు చాలా వాటికి రోజీ ఆగింది. 2020 జూన్ 29న టిక్‌టాక్ బంద్ అయింది, మరుసటి నెలే రీల్స్ వచ్చాయి, సెప్టెంబర్‌లో షార్ట్స్. షార్ట్స్ మొదట్లో పదిహేను సెకన్లే. పదిహేను సెకన్లలో ఖతీబ్ సాబ్ ఏం చేయగలడు? గొంతు సవరించుకోగలడు.

అల్గారిథమ్‌కి దీనిమీద ఖునస్ ఏమీ లేదు. అది ఏడుపు వద్దనదు. ఎక్కడ వేలు పైకి తోస్తుందో అదే చూస్తుంది. నవ్వు ఆగి ఖామోషీ మొదలయ్యే చోటే వేలు కదులుతుంది. ముషాయిరాలో ఆ చోటు బలమైనది, ఇక్కడ నష్టపు చోటు. కాబట్టి కుర్రాళ్ళు ముందే కోసేస్తున్నారు. బతకాలి కదా. ఒక ఛానల్ నడిపే కుర్రాడు నాతో సీదాగా చెప్పాడు: "భాయ్, రులాయే తో భాగ్ జాతే." రాహత్ ఇందోరీ సాబ్ గజల్‌లో ఒక్క మిస్రా 2020 మొదట్లో టిక్‌టాక్‌లో ఊరూరా తిరిగింది. నేను అడిగి చూసిన పిల్లల్లో మిగతా షేర్లు చెప్పినవాడు లేడు. ఆ ఆగస్టులోనే ఆయన కోవిడ్‌తో పోయారు.

ఓటీటీ సంగతి రెండు మాటల్లో చెప్పి పోతాను. అక్కడ ఏది చూడాలన్నా ముందు జబాన్ ఖానా ఉంటుంది: తెలుగు, హిందీ, తమిళ్. దక్కనీకి ఖానా నాకింతవరకు కనపడలేదు. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూల్‌లో ఉన్న 22 భాషల్లోనూ ఆ పేరు లేదు. ఖానా లేనిదానికి అక్కడ కథ అడగరు.

ఇంతా చెప్పి యూట్యూబ్‌ని నిందించి లేచిపోతే బేఇన్సాఫీ అవుతుంది. ఎందుకంటే నేను లెక్కలోకే తీసుకోని ఒక మూల ఉంది. మా ఆపా వంట చేసుకుంటూ ఫోన్‌లో వినే వీడియోలు. పాతబస్తీ ఖవాతీన్ ఖట్టీ దాల్, బగారా ఖానా, ఖుబానీ కా మీఠా చేస్తూ మాట్లాడతారు. మొహం కనపడదు, చేతులు, గొంతు మాత్రమే. "థోడా సా చ్ నమక్ డాలో, జాస్తీ నక్కో." ఎవరూ నవ్వరు. ఎవరూ నవ్వించాలనుకోరు. కుతుబ్ షాహీల తర్వాత ఇన్ని వందల ఏళ్ళకి ఈ జబాన్‌లో ఒక మనిషి సీదాగా పని సంగతి చెబుతుంటే, వేల మంది బుద్ధిగా వింటున్నారు. ఖతీబ్ సాబ్ స్టేజీ మీద ఆడగొంతు తనే పలికాడు, రీల్ కుర్రాడు ఓఢ్నీ కప్పుకున్నాడు. ఆ గొంతు అసలు హక్‌దార్లు చప్పుడు లేకుండా వచ్చి పొయ్యి దగ్గర నిలబడ్డారు. జర్నలిస్టునై ఉండి ఇది నేను గమనించలేదు, మా ఆపా నవ్వి చెబితే తెలిసింది.

ఇంకొక నష్టం మాత్రం నన్ను ఊరికే వదలదు. ఈ వీడియోల కింద కామెంట్లన్నీ ఇంగ్లిష్ అక్షరాల్లోనే. మా భాంజా దక్కనీ దడదడా మాట్లాడతాడు, ఉర్దూ అక్షరం ఒక్కటి చదవలేడు. ఇంగ్లిష్ మీడియం. "కేవ్‌డే కా బన్" వాడి చేతిలో పెడితే అది వాడికి డిజైన్‌లా కనపడింది. తనని నవ్వించిన నజ్మ్ ఆ కాగితం మీదే ఉందంటే నమ్మలేదు.

ఆ రాత్రి తరావీహ్ అయ్యాక వాడిని కూర్చోబెట్టి "ఛోరా ఛోరీ" మొత్తం చదివి వినిపించాను. రెండో సగం వచ్చేసరికి వాడు ఫోన్ బోర్లా పెట్టాడు. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత ఆ రెండో సగం తనే చదివి, వేషం లేకుండా, రీల్ పెట్టాడు. ఎప్పుడూ వచ్చే చూపుల్లో నాలుగో వంతు కూడా రాలేదు. జిద్దా నుంచి ఎవరో ఒక కామెంట్ మాత్రం పెట్టారు, ఇంగ్లిష్ అక్షరాల్లోనే: "అబ్బా యాద్ ఆగయే."

ఇప్పుడు ప్రతి జుమా నమాజ్ తర్వాత నేను పుస్తకంలోంచి చదువుతాను, వాడు తెలుగు అక్షరాల్లో నోట్‌బుక్‌లో రాసుకుంటాడు. "సాస్ బహూ" మొదలుపెట్టాం. ఖాఫ్ వచ్చిన ప్రతిచోటా నేను "ఖ" అనే పలుకుతున్నాను, వాడు అలాగే రాసుకుంటున్నాడు.